తకాషి షిమురా: ముందు ఏ సినిమా చూడాలి, ఏది తర్వాతకి ఉంచుకోవాలి?

జపాన్ దర్శకుడు కురొసావా అనగానే మనలో చాలామందికి కళ్ళముందు నిలిచే ముఖం నటుడు తోషిరో మిఫునేది. గడ్డం, కత్తి, ఆ గర్జన. కానీ లెక్క చూస్తే వేరేగా ఉంటుంది. అకిరా కురొసావా తీసిన 30 సినిమాల్లో మిఫునే ఉన్నవి 16. తకాషి షిమురా అనే మరో నటుడు ఉన్నవి 21. 1943లో వచ్చిన మొదటి సినిమా 'సాన్షిరో సుగాతా' నుంచి 1980 నాటి 'కాగేముషా' దాకా ఆయన వచ్చిపోతూనే ఉంటాడు. ఒకచోట డాక్టరు, ఒకచోట పోలీసు, ఒకచోట కట్టెలు కొట్టేవాడు, ఇంకోచోట లంచం తీసుకున్న లాయరు. మూడు సినిమాలు చూసినా ముగ్గురూ ఒకే మనిషని గుర్తుపట్టని వాళ్ళున్నారు. నేనూ మొదట్లో వాళ్ళలో ఒకణ్ణే.

మన భాషలో చెప్పాలంటే పక్కా క్యారెక్టర్ ఆర్టిస్టు. గుమ్మడి తనకంటే పెద్దవాళ్ళైన హీరోలకు తండ్రిగా వేశారని మనం చెప్పుకుంటాం కదా, ఈయనదీ అదే దారి. 34 ఏళ్ళకే పెళ్ళీడు కూతురున్న తండ్రి వేషం వేశాడు. 47 ఏళ్ళకు చావు దగ్గరపడిన ముసలి ఆఫీసు ఉద్యోగి. ఆ వేషం చూశాక ఆయన అసలు వయసు తెలిస్తే ఎవరికైనా ఆశ్చర్యమే.

"ఈయన సినిమాల్లో ఎక్కడ మొదలుపెట్టాలి?" అని అడిగితే ఎక్కువమంది చెప్పే జవాబు 'ఇకిరు' (1952). నేనూ అదే చెప్పేవాణ్ణి. ఒకసారి సంక్రాంతి సెలవులకు ఇంటికొచ్చిన మా బావమరిదికి ఎంతో ఉత్సాహంగా అది పెట్టాను. నలభై నిమిషాలకు గురక మొదలైంది. తప్పు అతనిది కాదు, సినిమాది అంతకంటే కాదు. పరిచయం లేని మనిషి ఇంటికి నేరుగా ఆయన ఆఖరి రోజుల్లో తీసుకెళ్తే ఎవరైనా ఏం చేస్తారు, మూల కుర్చీలో కూర్చుని కునుకు తీస్తారు. అప్పటినుంచి నా సలహా మారింది.

ముందు మనిషి గురించి నాలుగు ముక్కలు. ఏ సినిమా ఎందుకు చూడాలో తేలడానికి ఇవి పనికొస్తాయి. షిమురా 1905 మార్చి 12న హ్యోగో ప్రాంతంలోని ఇకునో అనే వెండిగనుల ఊళ్ళో పుట్టాడు. అసలు పేరు షోజి షిమాజాకి. తాత సమురాయ్, 1868 నాటి తోబా-ఫుషిమి యుద్ధంలో పోరాడినవాడు. మనవడు ఒసాకాలోని కన్సాయ్ యూనివర్సిటీలో ఇంగ్లీషు సాహిత్యం చదవడానికి చేరాడు. ఖర్చులకోసం ఒసాకా నగరపాలక సంస్థ నీటి సరఫరా విభాగంలో ఉద్యోగం. ఈలోగా నాటకాల పిచ్చి పట్టుకుంది. రిహార్సల్స్ కోసం ఆఫీసుకు ఎగనామం పెట్టీ పెట్టీ చివరికి ఆ ఉద్యోగం పోగొట్టుకున్నాడు. నాటకాల కోసం మునిసిపల్ ఆఫీసు కుర్చీ వదులుకున్న మనిషే తర్వాత ప్రపంచ సినిమాలో అందరికీ గుర్తుండిపోయే మునిసిపల్ ఉద్యోగిగా నటించాడు.

1930లలో సినిమాల్లోకి వచ్చాడు. 1936లో దర్శకుడు మిజోగుచి తీసిన 'ఒసాకా ఎలిజీ'లో డిటెక్టివ్ వేషం. వామపక్ష నాటక బృందాలతో తిరిగాడని అప్పటి రహస్య పోలీసులు ఆయన్ని పట్టుకెళ్ళి కొన్నాళ్ళు నిర్బంధించారు. యుద్ధం అయిపోయాక 1946లో కురొసావా తీసిన 'నో రిగ్రెట్స్ ఫర్ అవర్ యూత్'లో అలాంటి పోలీసు అధికారి వేషమే ఆయనకు వచ్చింది. దెబ్బ ఎటునుంచి పడుతుందో తెలిసినవాడు వేసిన వేషం అది. పెద్ద పాత్ర కాదు కానీ చూస్తే మర్చిపోరు.

ఇక అసలు విషయానికి వద్దాం.

మొదటి సినిమాగా: 'డ్రంకెన్ ఏంజెల్' లేదా 'స్ట్రే డాగ్'

రెండింట్లోనూ షిమురా పెద్దవాడు, మిఫునే కుర్రవాడు. రెండింట్లోనూ పెద్దవాడు చిన్నవాణ్ణి దారిలో పెట్టాలని చూస్తాడు. పైకి ఒకే అచ్చు. కానీ మొదటిసారి చూసేవాళ్ళకు రెండూ ఒకటి కావు.

'డ్రంకెన్ ఏంజెల్' 1948 నాటిది, 98 నిమిషాలు. యుద్ధం తర్వాతి టోక్యో, మధ్యలో బుడగలు పొంగే మురికిగుంట. దాని పక్కనే సనాదా అనే డాక్టరు ఆసుపత్రి. చేతికి గాయంతో వచ్చిన రౌడీ మేకు గుచ్చుకుందని బుకాయిస్తాడు, డాక్టరు మత్తుమందు ఇవ్వకుండానే లోపల ఉన్న తూటా లాగి పళ్ళెంలో పడేస్తాడు. ఆ దగ్గు చూసి క్షయ అని అనుమానిస్తాడు. వైద్యానికి ఇచ్చిన ఆల్కహాలు తనే తాగేస్తాడు, రోగిని బూతులు తిడతాడు, చేతికి దొరికినవి విసిరికొడతాడు. అయినా ఆ రౌడీని వదలడు. సినిమా పేరులోని దేవదూత ఈయనే. కథకు కేంద్రం కూడా ఈ డాక్టరే కావాలి. కానీ తెరమీద మిఫునే అనే 28 ఏళ్ళ కుర్రవాడు చిరుతలా తిరుగుతుంటే కళ్ళు అటే పోతాయి. మిఫునేని అదుపులో పెట్టడం తనవల్ల కాలేదని కురొసావాయే ఆత్మకథలో రాసుకున్నాడు. అందుకే షిమురా కోసం దీంతో మొదలుపెట్టినవాళ్ళు మిఫునే అభిమానులుగా బయటికొస్తారు.

'స్ట్రే డాగ్' (1949, 122 నిమిషాలు) అలా కాదు. కిక్కిరిసిన బస్సులో కుర్ర డిటెక్టివ్ మురకామి పిస్తోలు ఎవరో కొట్టేస్తారు. ఆ పిస్తోలుతో నేరాలు జరుగుతుంటే, అవన్నీ తను చేసినట్టే మురకామి కుమిలిపోతాడు. మండు వేసవి, అందరి చొక్కాలూ చెమటతో ఒంటికి అతుక్కుపోయి ఉంటాయి. మే నెలలో విజయవాడలో కరెంటు పోయిన మధ్యాహ్నం చూస్తే ఇంకా బాగా ఎక్కుతుంది. షిమురా వేసిన సాతో అనే సీనియర్ డిటెక్టివ్ మొదట కనిపించే సీను చూడండి. ఎదురుగా పిస్తోళ్ళ దొంగవ్యాపారంలో దొరికిన అమ్మాయి. అరుపుల్లేవు, బల్ల గుద్దడాల్లేవు. ఇద్దరూ పుల్ల ఐసు చప్పరిస్తూ కబుర్లు చెప్పుకుంటుంటారు. ఆ కబుర్లలోనే ఆయనకు కావలసిన సంగతి బయటికొచ్చేస్తుంది.

తర్వాత రాత్రి సాతో తన ఇంటికి మురకామిని తీసుకెళ్తాడు. చిన్న ఇల్లు, బీరు, పక్కగదిలో అడ్డదిడ్డంగా పడి నిద్రపోతున్న పిల్లలు. గోడమీద ఆయనకొచ్చిన ప్రశంసాపత్రాలు. నేరస్థుడి మీద జాలిపడుతున్న కుర్రవాడితో, ఆ మనసు లోతులు తవ్వే పని నవలలు రాసేవాళ్ళకు వదిలెయ్యి అన్నట్టు మాట్లాడతాడు. పాఠం చెప్పినట్టుండదు, డ్యూటీ దిగిన మనిషి విసనకర్రతో విసురుకుంటూ అనే మాటలా ఉంటుంది. ఎదుటివాడు మాట్లాడుతున్నప్పుడు షిమురా వినే తీరు ఈ సినిమాలోనే మొదటిసారి నాకు పట్టుబడింది. వినడమే ఆయన నటనలో సగం. కాబట్టి నా ఓటు 'స్ట్రే డాగ్'కే. కథ దానంతటది లాక్కెళ్తుంది, కనుక కొత్తవాళ్ళూ విసుగుపడరు. ఆ తర్వాత అదే బావమరిదికి దీన్ని చూపిస్తే రాత్రి ఒంటిగంట దాకా కూర్చున్నాడు.

'డ్రంకెన్ ఏంజెల్' రెండో వారానికి ఉంచుకోండి. అప్పటికి షిమురాని చూడడం అలవాటై ఉంటుంది, మిఫునే ఎంత గంతులేసినా పక్కన డాక్టరు ఏం చేస్తున్నాడో మీ కళ్ళు వెతుక్కుంటాయి.

'ఇకిరు'కి ముందు 'స్కాండల్'

'స్కాండల్' (1950) ఎవరూ పెద్దగా పట్టించుకోని సినిమా. చిత్రకారుడికీ గాయనికీ లేని సంబంధం అంటగట్టి ఒక పత్రిక ఫొటో వేస్తుంది. వాళ్ళు కేసు వేస్తారు. మొదటి అరగంట మిఫునే సినిమా అనుకుంటాం. తర్వాత హిరుతా అనే లాయరు లోపలికి అడుగుపెడతాడు, ఇక సినిమా ఆయనదైపోతుంది. ఆ పాత్ర రాస్తుంటే కథ తన చేయిదాటి దాని వెంటే పోయిందని కురొసావా కూడా చెప్పుకున్నాడు.

హిరుతా చెడ్డవాడు కాదు, మెత్తటివాడు. ఇంట్లో క్షయతో మంచంపట్టిన కూతురు. బయట అవతలి పార్టీ చూపించే డబ్బు. లొంగిపోతాడు. లొంగిన ప్రతిసారీ ఇంటికొచ్చి కూతురి ముఖం చూడలేక చూస్తాడు. కూతురికి తెలుసు, తెలిసినట్టు అనదు. క్రిస్మస్ రాత్రి ఒక బార్‌లో తాగినవాళ్ళంతా కలిసి, వచ్చే ఏడాది నుంచి మంచిగా బతుకుతామని ఏడుస్తూ పాడే సీను ఉంది. కొందరికి అతిగా అనిపిస్తుంది. నాకూ ఒక పాలు అతిగానే అనిపించింది. అయినా మధ్యలో షిమురా ముఖం చూస్తుంటే నవ్వు రాదు. కోర్టులో చివర ఏం జరుగుతుందో చెప్పను.

ఇప్పుడు దీనిపక్కన 'ఇకిరు' పెట్టండి. 143 నిమిషాలు. వతనాబే ఒక నగరపాలక ఆఫీసులో సెక్షన్ హెడ్డు. మొదటి షాటే ఆయన పొట్ట ఎక్స్‌రే. ఈయనకు క్యాన్సర్, ఈ సంగతి ఈయనకింకా తెలియదు అని ఒక గొంతు చెప్తుంది. తమ వాడలో నిలిచిన మురుగునీటిని తీయించి పార్కు కట్టించమని ఆడవాళ్ళు వస్తే, ఆ సెక్షన్‌కు వెళ్ళండి, ఈ సెక్షన్‌కు వెళ్ళండి అని అందరూ తిప్పుతారు. ఆ తిప్పుడు చూస్తే ఏ మండలాఫీసుకైనా సర్టిఫికెట్ కోసం వెళ్ళొచ్చిన మనిషికి కొత్తగా వివరించాల్సిందేమీ ఉండదు.

హిరుతా, వతనాబే ఇద్దరూ వంగిన నడుములే, ఇద్దరివీ తడబడే మాటలే. తేడా ఎక్కడంటే, హిరుతా తన బలహీనతను బయటికి కక్కేస్తాడు: అరుస్తాడు, ఏడుస్తాడు, తన్నుతాను తిట్టుకుంటాడు. వతనాబే లోపలికి మింగుతాడు. గొంతు గుసగుస స్థాయి దాటదు, కళ్ళు మాత్రం పెద్దవౌతాయి. ఆసుపత్రి వరండాలో పక్కన కూర్చున్న అపరిచితుడు కడుపు క్యాన్సర్ లక్షణాలన్నీ ఒక్కొక్కటే చెప్పుకుపోతుంటాడు. డాక్టరు మామూలు అల్సరే అంటాడు చూడండి, ఇక అంతే అని నవ్వుతూ చెప్తాడు. చెప్పేవాడికి ఎవరితో చెప్తున్నాడో తెలియదు. వతనాబే మెల్లగా కుర్చీ మారతాడు. ఇంకొంచెం దూరం జరుగుతాడు. తర్వాత లోపల డాక్టరు సరిగ్గా అదే మాట అంటాడు. ఆ రెండు మూడు నిమిషాల్లో షిమురాకు చెప్పుకోదగ్గ డైలాగే లేదు.

ఒకే నటుడు అదే రకం మనిషిని రెండేళ్ళ తేడాలో బిగ్గరగా ఒకసారి, మౌనంగా ఒకసారి ఎలా చేశాడో వరసగా చూస్తేనే తెలుస్తుంది. 'ఇకిరు' ముందు చూసేస్తే 'స్కాండల్' చప్పగా ఉంటుంది. అందుకే ఈ వరస తిప్పొద్దు. మరో మాట, 'ఇకిరు' రెండో సగం ఒక్కసారిగా రూపు మారుతుంది. ఆఫీసువాళ్ళంతా తాగుతూ మాట్లాడుకునే సుదీర్ఘమైన సన్నివేశం అది. అక్కడే చాలామంది ఫోను తీస్తారు. తీయొద్దు. మంచులో ఊయల మీద ఆయన పాడే పాట అక్కడే వస్తుంది.

2022లో బ్రిటన్‌లో దీన్ని 'లివింగ్' పేరుతో మళ్ళీ తీశారు, బిల్ నై హీరో, కజువో ఇషిగురో స్క్రిప్టు. రంగుల్లో, 102 నిమిషాల్లో ముగుస్తుంది. అది చూస్తే చాలదా అంటే, కథ తెలుసుకోవడానికి చాలు. బిల్ నై బాగా చేశాడు, మర్యాదస్తుడిగా హుందాగా ఉంటాడు. షిమురా వతనాబేలో ఆ హుందాతనం లేదు, కాస్త ఇబ్బందిపెట్టే దీనత్వం ఉంది. నన్ను పట్టుకున్నది అదే. ఇంట్లో నలుపు తెలుపు సినిమా అంటే పారిపోయేవాళ్ళుంటే 'లివింగ్'తో మొదలుపెట్టి తర్వాత దీనికి రండి, నష్టం లేదు.

'సెవెన్ సమురాయ్'కి ఒక రోజు, 'గాడ్జిల్లా'కి ఒక సాయంత్రం

రెండూ 1954వే. ఏప్రిల్‌లో ఒకటి, నవంబర్‌లో ఒకటి. రెండూ తోహో స్టూడియో తీసినవే. ఒక నటుడి జీవితంలో ఇలాంటి ఏడాది ఇంకొకటి ఉండడం కష్టం.

'సెవెన్ సమురాయ్' 207 నిమిషాలు, మధ్యలో ఇంటర్వెల్ ఉంది. పల్లె రైతులు దొంగల బారినుంచి కాపాడమని ఏడుగురు సమురాయ్‌లను కూలికి పిలిచే కథ. 'షోలే' వెనక ఉన్న సినిమాల్లో ఇదొకటి కాబట్టి మనకు కథ కొత్తగా ఉండదు. షిమురా ఏడుగురికీ నాయకుడు కాంబే. ఒక దొంగ పసిబిడ్డను పట్టుకుని కొట్టంలో దాక్కుంటాడు. కాంబే ఏటి ఒడ్డున కూర్చుని జుట్టుముడి కోయించుకుంటాడు, గుండు గీయించుకుంటాడు, సన్యాసి బట్టలు అడిగి తొడుక్కుంటాడు. రెండు అన్నం ముద్దలు చేత్తో పట్టుకుని కొట్టం దగ్గరికి నడుస్తాడు. జుట్టుముడి సమురాయ్‌కి పరువు. దాన్ని అంత తేలిగ్గా వదిలేయడం చూసి చుట్టూ జనం నోరు తెరుస్తారు. ఆయన ముఖంలో మాత్రం పనిలో ఉన్న మనిషి ధ్యాసే తప్ప వీరత్వం ఏమీ ఉండదు. ఆ తర్వాత సినిమా అంతా, ఆలోచనలో పడ్డప్పుడల్లా, ఇంకా అలవాటు కాని ఆ గుండు మీద చెయ్యి తిప్పుకుంటూ ఉంటాడు. తాత సమురాయ్ అన్న సంగతి తెలిసి చూస్తే ఆ చెయ్యి ఇంకోలా కనిపిస్తుంది.

'గాడ్జిల్లా' 96 నిమిషాలు. అమెరికా బికినీ దీవుల్లో చేసిన హైడ్రోజన్ బాంబు పరీక్ష ధూళి జపాన్ చేపల పడవ మీద పడింది అదే ఏడాది మార్చిలో. ఆ భయంలోంచి పుట్టిన సినిమా. షిమురా ఇందులో యమానె అనే పురాజీవశాస్త్రవేత్త. అందరూ ఆ జంతువును చంపాలంటుంటే, అంత రేడియేషన్‌ని ఎలా తట్టుకుందో చూడాలి కదా అంటాడు ఈయన. ఎవరూ వినరు. ఇంటికొచ్చి చీకటి గదిలో ఒంటరిగా కూర్చుంటాడు. రబ్బరు సూటు, బొమ్మ ట్యాంకులు ఈరోజు చూస్తే పిల్లలు నవ్వొచ్చు. షిమురా మాట్లాడుతున్నప్పుడు నవ్వరు. రాక్షస బల్లులు 20 లక్షల ఏళ్ళ కిందటివని పార్లమెంటు సభ్యుల ముందు ఆయన చెప్పే లెక్క శుద్ధ తప్పు. ఆ తప్పును కూడా నమ్మించగలిగాడు, అదీ ఆయన పనితనం.

ఏది ఎంచుకోవాలంటే, సెలవురోజు మొత్తం చేతిలో ఉంటే, ఇంట్లో యుద్ధాల సినిమాలు ఇష్టపడేవాళ్ళుంటే 'సెవెన్ సమురాయ్'. పదేళ్ళు దాటిన పిల్లలతో అయితే 'గాడ్జిల్లా'. ఆఫీసు నుంచి అలిసిపోయి వచ్చి రాత్రి తొమ్మిదికి 'సెవెన్ సమురాయ్' మొదలుపెట్టే పొరపాటు మాత్రం చేయొద్దు, సగం రెండోరోజుకు మిగిలితే చివర్లో వానలో జరిగే యుద్ధం బలం పోతుంది. 'గాడ్జిల్లా' వెతికేటప్పుడు 1954 జపాన్ సినిమానా, 1956లో అమెరికాలో నటుడు రేమండ్ బర్ సీన్లు అతికించి విడుదల చేసిన రూపమా చూసుకోండి. రెండోదాంట్లో షిమురా భాగం బాగా నలిగిపోయింది.

షిమురా కోసమైతే పక్కన పెట్టదగ్గవి

'రషోమోన్' (1950) గొప్ప సినిమా, 1951లో వెనిస్ చిత్రోత్సవంలో గోల్డెన్ లయన్ బహుమతి తెచ్చుకుంది. 88 నిమిషాలే. షిమురా కట్టెలు కొట్టేవాడు. గొడ్డలి భుజాన వేసుకుని, ఆకుల మధ్య మెరిసే ఎండలో అడవిలోకి నడిచే ఆ నడక ఎంత చూసినా తనివి తీరదు. కానీ ఇందులో అందరూ దొంగ, సమురాయ్, అతని భార్య, ఈ ముగ్గురి గురించే మాట్లాడుకుంటారు. ఆయన కోసమే చూసేది రెండోసారి.

'యోజింబో', 'హై అండ్ లో', 'ద హిడెన్ ఫోర్ట్రెస్' అన్నీ చూడాల్సిన సినిమాలే, ఆయన కోసం కాదు. వాటిల్లో షిమురా పెళ్ళివారింట్లో పెదనాన్నలాంటివాడు, పలకరించి వెళ్ళిపోతాడు. 1955 నాటి 'ఐ లివ్ ఇన్ ఫియర్' మాత్రం ఒక సరదా కోసం చూడొచ్చు. అందులో 35 ఏళ్ళ మిఫునే ముసలివాడు, 50 ఏళ్ళ షిమురా కోర్టు మధ్యవర్తిగా అతని కేసు వినే పళ్ళ డాక్టరు. ఇన్నాళ్ళూ ముసలి వేషాలు వేసినాయన పక్కన కూర్చుని వేరొకరి ముసలి వేషం చూస్తుంటాడు.

'కాగేముషా' గురించి ఒక హెచ్చరిక. ఈయన ఉన్నాడని చదివి కొందరు మొత్తం చూసి, ఎక్కడా కనబడలేదని తిట్టుకుంటారు. విదేశాలకు పంపిన కాపీలో ఆయన సీను కోసేశారు. మూడు గంటల జపాన్ రూపంలో ఉంది. నిడివి చూసి ఎంచుకోండి.

సబ్‌టైటిల్స్ ఇంగ్లీషులోనే దొరుకుతాయి. డబ్బింగ్ దొరికినా వద్దు. ఆ గొంతులోని గరగర లేకపోతే వతనాబే లేడు.

ఇవన్నీ అయ్యాక 1939 నాటి 'సింగింగ్ లవ్‌బర్డ్స్' దొరికితే పెట్టుకోండి. 69 నిమిషాలు, పాటల సినిమా. షిమురా అందులో గొడుగులు చేసుకు బతుకుతూ, ఉన్న డబ్బంతా పాత కుండలకు తగలేసే తండ్రి. 34 ఏళ్ళకు వేసిన తండ్రి వేషం అని మొదట్లో అన్నది ఇదే. గొడుగుల మధ్య కూర్చుని హాయిగా, గొంతెత్తి పాడతాడు. ఊయల మీద వతనాబే పాడింది విన్నవాళ్ళు ఆ పాట దగ్గర ఒక్క నిమిషం ఆపి, వెనక్కి జరిపి మళ్ళీ వింటారు.